తలుపు తీసే ఆంటీ

మొన్న ఆదివారం మధ్యాహ్నం సింగపూర్‌లో, ఆంగ్ మో కియోలోని మా ఫ్లాట్‌లో బట్టలు మడతపెడుతూ, ఏదో ఒక మనిషి గొంతు వినపడితే చాలని టీవీ పెట్టాను. పాతకాలపు బ్రిటిష్ సీరియల్ ఏదో వస్తోంది. డిటెక్టివ్ ఒక ఇంటి బెల్లు కొట్టాడు. తలుపు తీసింది మా పక్క ఫ్లాట్ ఆంటీ. ఆవిడ పోయి నాలుగేళ్లయింది. నా చేతిలో దుప్పటి సగం మడతలో అలాగే ఉండిపోయింది.

ఆంటీది స్కాట్లాండ్. అక్కడ సినిమాల్లో, టీవీలో ముప్ఫై ఏళ్లు నటించి, షిప్‌యార్డులో పనిచేసే సింగపూర్ ఆయన్ని చేసుకుని ఇటు వచ్చేసింది. మేము ఈ ఫ్లాట్‌లోకి దిగేనాటికే ఆయన లేడు. నటి అనగానే హీరోయిన్ అనుకుని నేను నోరు తెరిస్తే, ఆవిడ నవ్వి, "నేను తలుపులు తీశానమ్మా, అంతే" అంది. ఇంటి ఓనరమ్మ, నర్సు, పోస్టాఫీసు గుమాస్తా, హత్యను చూసిన పొరుగింటావిడ. రెండు ముక్కలు చెప్పి తలుపు వేసేస్తే ఆ వారానికి పని అయిపోయినట్టే. కానీ అదంత తేలికేం కాదట. పోలీసుకి తలుపు తీస్తే చేయి గడియ మీదే ఉండాలట. చెడు కబురు తెచ్చినవాడికి తీస్తే ముందు అతని చేతులు చూడాలట, ముఖం తర్వాత. నేను పప్పుచారు గిన్నె పట్టుకుని బెల్లు కొడితే ఆవిడే రోజుకొక మనిషై తలుపు తీసేది. గయ్యాళి ఓనరమ్మ వచ్చిన రోజున, చారు చల్లారేదాకా నన్ను గుమ్మంలోనే నిలబెట్టి విచారించేది. మావారు పోయాక నేను మళ్లీ నవ్వింది ఆ గుమ్మంలోనే.

పదకొండేళ్లు అలా గడిచాయి. ఆవిడ పేరు మాత్రం నేను అడగలేదు. పెద్దవాళ్లను పేరు పెట్టి పిలవం కదా, ఇక పేరుతో పనేముంది అనుకున్నాను. చెల్లెలి ఆపరేషన్‌కని నెల్లూరు వెళ్లి రెండు నెలలకు తిరిగొచ్చేసరికి ఆవిడ తలుపుకి తాళం. ఆస్పత్రికి తీసుకెళ్లారని కింద కాఫీ కొట్టతను చెప్పాడు. ఫ్లాస్కులో చారు పోసుకుని పరుగెత్తాను. కౌంటర్‌లో అమ్మాయి పేషెంటు పేరడిగింది.

"ఆంటీ, అమ్మా. స్కాట్లాండ్ ఆవిడ. మా పక్క ఫ్లాటే" అన్నాను.

"పైన అంతా ఆంటీలే లా. పేరు చెప్పండి" అంది, ఇక్కడి అలవాటుగా మాట చివర 'లా' తగిలిస్తూ.

ఫ్లాట్ నంబరు చెప్పాను. పేరు కూడా తెలియని వాళ్లను పంపకూడదంది. అందులో ఆ పిల్ల తప్పేమీ లేదు. ఫ్లాస్కు అలాగే తిరిగి తెచ్చుకున్నాను. మూడు రోజులకు, ఆవిడ పోయిందని చెప్పి ఎవరో వచ్చి సామాన్లు ఖాళీ చేశారు. వాళ్లనైనా అడగాల్సింది. ఇన్నేళ్లు గోడ పక్కనే ఉండి పేరు తెలియదని చెప్పడానికి సిగ్గేసింది.

సీరియల్ అయ్యేదాకా నేను కదల్లేదు. చివర్లో పేర్లు పైకి జరుగుతుంటే కళ్లజోడు పెట్టుకుని టీవీకి ఆనుకున్నంత దగ్గరగా వెళ్లి నిలబడ్డాను. ఎవరిది ఏ వేషమో రాయలేదు. చిన్న అక్షరాల్లో ఆరుగురు ఆడవాళ్ల పేర్లు వచ్చాయి. ఏది వదిలేసినా అదే ఆవిడదేమోనని, ఆరూ పైకే చదివాను. వినడానికి ఇంట్లో ఎవరూ లేరు. పదకొండేళ్లు గోడ అవతలే ఉన్న పేరు, తెర మీద నాలుగు క్షణాలు నిలిచి వెళ్లిపోయింది.