మోగే బండ

పందొమ్మిది వందల యాభైల చివర్లో భూమి కొలతల పని మీద కోనసీమ నుంచి విడపనకల్లు వైపు ఒక కొండపల్లెకు వెళ్లాను. గొర్రెలు మేపుకునే హనుమక్క నాకు కొండ మీద ఒక నల్లబండ చూపించింది. దాని నిండా తాతల నాటి ఎద్దుల బొమ్మలున్నాయి.

"రాయితో కొట్టి సూడన్నా, మోగుతాది" అంది.

కొట్టాను. కంచుగంటలా మోగింది! ఆగలేక ఎడాపెడా వాయించేశాను.

కాసేపటికి ఊరంతా కర్రలతో పరుగెత్తుకొచ్చింది. "చిరుత యాడుండాదక్కా?" అన్నాడొక పెద్దాయన రొప్పుతూ. అలా వాయిస్తే చిరుత వచ్చినట్టట! నాకు తల కొట్టేసినట్టయింది.

"చిరుత కాదప్పా, సుట్టమొచ్చినాడు" అని నవ్వింది హనుమక్క.

"సుట్టమైతే మూడు దెబ్బలే కొట్టల్ల" అన్నాడాయన.

మూడు దెబ్బలు కొట్టాను. ఎదుటి కొండ మీది పల్లె నుంచి, గంటలాగే, మూడు దెబ్బలు బదులొచ్చాయి!