క్వెరీ కొట్టాను, చూడి కట్టాయి

ఒకే ఒక్క మధ్యాహ్నం, నా చేతి చలవ వల్ల నాలుగు వందల పన్నెండు పశువులు చూడి కట్టాయి. నవ్వకండి, వాటిలో దున్నపోతులు కూడా ఉన్నాయి.

అప్పటికి నేను డిగ్రీ పూర్తిచేసి, రామచంద్రపురంలో పశువుల డాక్టరు సత్యవతి గారి క్లినిక్‌లో కంప్యూటర్ పనికి చేరి మూడు వారాలైంది. రైతుల ఫోన్ నంబర్లు, పశువుల వివరాలు ఒక పాత డేటాబేస్ ఫైల్లో ఉండేవి. దాని సాఫ్ట్‌వేర్ మొరాయిస్తే, ఎలాంటి డేటాబేస్ ఫైలునైనా తెరిచి చూపించే ప్రోగ్రామొకటి తెచ్చి పెట్టాను. అది తెరుచుకునేసరికి నాకు కొమ్ములొచ్చాయి.

వెంకట్రాజు గారి గేదె చూడిదని ఆ పొద్దున పరీక్షలో తేలింది. ఆ ఒక్క గడి మార్చమన్నారు డాక్టరు గారు. చేత్తో మారిస్తే సరిపోయేది. చదువుకున్నదాన్ని కదా, కంప్యూటరే మార్చేలా దానికో ఆజ్ఞ, అదే క్వెరీ, రాశాను. చూడి అని పెట్టమన్నాను గానీ, ఎవరి గేదెకో చెప్పడం మరిచిపోయాను. ‘412 వరుసలు మారాయి’ అని వచ్చింది. ఎంత పని చేసిందో అని మురిసిపోయాను కూడా.

ఆ ఫైలును బట్టి రైతులకు మెసేజ్‌లు వాటంతటవే వెళ్తాయి. అరగంటలో ‘మీ పశువు చూడి కట్టింది’ అని అందరికీ వెళ్లిపోయాయి. మొదట ఫోన్ చేసినావిడ తన గేదె ఈని పది రోజులే అయిందంది. తర్వాత ఒక పెద్దాయన స్వయంగా వచ్చి, గొంతు తగ్గించి అడిగాడు.

“మాది దున్నపోతండి. మొన్న మీరేసిన ఇంజక్షన్ వల్లేమైనా అయ్యుంటుందాండి?”

“పొరపాటున వచ్చిందండి.”

“పోన్లెండి. మా ఆవిడ అప్పుడే దానికి తవుడు నానబెట్టేసిందండి.”

ఇంతలో ఇంకో కబురు. ఒకాయన ఆ మెసేజ్ చూపించి, తన వట్టి గేదెను చూడి గేదెగా అమ్మేస్తున్నాడట. గేదె ఆటో ఎక్కుతోందట. రేపు అది ఈనకపోతే డాక్టరు గారి పరువు పోతుంది, నా ఉద్యోగం అంతకంటే ముందే పోతుంది. వెంటనే అందరికీ ఇంకో మెసేజ్ కొట్టాను: మీ పశువు చూడిది కాదు.

బేరం ఆగింది. హమ్మయ్య అనుకుని తలెత్తితే, గుమ్మంలో వెంకట్రాజు గారు.

“ఏంటమ్మా ఇది? పొద్దున డాక్టరు గారు చూసి చూడిదన్నారు. మధ్యాహ్నం మీరూ అదే అన్నారు. ఇప్పుడు కాదంటున్నారు. ఈలోగా మా గేదె కొట్టం దాటి ఎక్కడికీ వెళ్లలేదండి.”

డాక్టరు గారు అసలు వివరాలున్న కాగితం రిజిస్టరు ముందు పెట్టి, అందరికీ ఫోన్ చేసి క్షమాపణ చెప్పమన్నారు. ఐదు రోజులు పట్టింది.

ఆరో రోజు కీబోర్డు మీద చెయ్యేసి ప్రమాణం చేశాను: ఏ ఫైలు ముట్టుకున్నా ముందు నకలు తీసుకుంటాను. ఎవరిదో రాయకుండా ఎంటర్ నొక్కను. యజమాని అడగనిదే, ఈ గోదావరి జిల్లాల్లో ఏ జీవికీ కడుపు తెప్పించను.