గాలిలో బంతి

తన చివరి పొద్దున కూడా ఫుర్ఖాన్ చాయ్ సగంలోనే వదిలేసి, తాను మిషన్ నడిపే పటాన్‌చెరు ప్రింటింగ్ ప్రెస్సుకు పరుగెత్తాడు. ఆఫ్రికా పిల్లల కోసం కొత్తగా మొదలైన ఫుట్‌బాల్ బొమ్మల కథ తొలి సంచిక అక్కడే అచ్చయింది. పేజీలు వేర్వేరు మిషన్లకు పంచేస్తారు గనుక అతని కంటపడింది ఒక్క ముక్కే: ఒక పిల్ల తన్నిన బంతి గాలిలో ఉంది. తర్వాతేమైందో తెలియక నెల రోజులుగా అతని కాలు కుదురుగా నిలవలేదు, అన్నం ముందు కూడా ఊగుతూనే ఉండేది. రెండో మిషన్ వాళ్లను అడిగితే, "మేం రంగులే సూస్తం భాయ్, కథెవడు సదువుతడు?" అన్నారు. "ఆ పిల్ల మీకేమన్న చుట్టమా, గింత పరేషానైతున్నరు?" అని భార్య మదీహా నవ్వింది. "గోల్ పడ్డదో లేదో తెలువాలె గద," అన్నాడు. ఆ చివరి రోజు మధ్యాహ్నమే మిషన్ పక్కన గుండె ఆగి పోయాడు. నలభయ్యోనాటి ఫాతెహా ప్రార్థనకు వచ్చిన ఫోర్‌మన్ మదీహాకు చెప్పాడు, తొలి సంచిక ఆ బంతితోనే ముగుస్తుందట. రెండోది వచ్చేదాకా ఆగలేక ఆఫ్రికాలో పిల్లలు వీధుల్లో ఆ గోల్ తామే కొడుతున్నారట.