జూబ్లీ హిల్స్ గోడ మీద చింత చెట్టు

సాఫ్ట్‌వేర్ కంపెనీ పెట్టి బాగా సంపాదించిన ఒకాయన జూబ్లీ హిల్స్‌లో కొత్తగా ఇల్లు కట్టాడు. భోజనాల గదిలో గోడ నిండా చెట్ల బొమ్మ వేయమని నన్ను పిలిపించారు. అంతవరకు నేను ఫిల్మ్ నగర్‌లో సినిమా సెట్లకు అడవులూ కొండలూ వేసేదాన్ని. షూటింగ్ అయిపోగానే వాటిని పీకేసేవారు. నిలిచి ఉండే గోడ దొరకడం అదే మొదలు.

మా ముత్తాత నిజాం గుర్రపు దళంలో కొలువుకు ఆఫ్రికా నుంచి వచ్చాడట. ఆయన నలుపు, ఉంగరాల జుట్టు నాదాకా దిగాయి. మాట మాత్రం హైదరాబాదుదే. అందుకే ఆయనలాగే అక్కడి నుంచి వచ్చి ఇక్కడ వేరూనిన మొక్కలనే ఎంచుకున్నాను. ఆముదం, బెండ, జొన్న, మధ్యలో పెద్ద చింత. చింత మానుకు మా నాయనమ్మ ఒంటి రంగు వేశాను.

పొద్దున మాసబ్ ట్యాంక్‌లో మా వీధి దగ్గర వాళ్ల డ్రైవర్ కారు ఎక్కించుకునేవాడు, సాయంత్రం దింపేవాడు. ఒకసారి టీకి బయటికి వెళ్లి వచ్చేసరికి, కొత్త వాచ్‌మన్ నన్నెవరో విదేశీయురాలనుకుని ‘నో, నో’ అంటూ గేటు మూసేశాడు. ఆ తర్వాత పని మధ్యలో మళ్లీ గేటు దాటలేదు.

ఒక ఆదివారం విందు పెట్టారు. ఆ ఇంటావిడ నన్ను పక్కకు పిలిచింది.

“ఆఫ్రికా నుంచి ఆర్టిస్టును రప్పించామని అందరికీ చెప్పానండీ. వాళ్ల ముందు కాస్త తెలుగు మాట్లాడకండి.”

“నేను పుట్టింది గీడనే మేడమ్.”

“తెలుసండీ. ఈ ఒక్క పూటకే కదా!”

గోడ పక్కన కుంచె పట్టుకుని నిలబడ్డాను. నా జుట్టు నిజమైనదా కాదా అని ఇద్దరు వాదించుకున్నారు. “విలన్ వెనకాల నిలబెడితే భలే ఉంటుంది” అన్నాడు ఒక నిర్మాత. అన్నీ అర్థమవుతూనే ఉన్నాయి. నవ్వీ నవ్వీ దవడలు నొప్పెట్టాయి. అంతలో ఒక పెద్దాయన మానును తడిమి, “చింత మన పల్లెల చెట్టు. దాని సంగతి ఈవిడకేం తెలుసు?” అన్నాడు.

ఇక నోరు ఆగలేదు.

“చింత గూడ ఆఫ్రికా నుంచే వచ్చింది సార్. మాకంటె శాన ముందే వచ్చింది. గందుకే దాన్ని ఏ దేశమని ఎవ్వలు అడుగుతలేరు.”

ఇంటావిడ చటుక్కున లోపలికి వెళ్లిపోయింది.

“మంచిగ జెప్పినవ్ అక్కా,” అన్నాడు డ్రైవర్ తిరుగు దారిలో. “కానీ మేడమ్ మస్తు గుస్సల ఉంది.”

కొన్నాళ్లు కారు రాలేదు. ఫిల్మ్ నగర్‌లో పని అడిగితే సెట్ల వెనక బొమ్మలన్నీ ఇప్పుడు కంప్యూటర్లోనే చేస్తున్నామన్నారు. ఇంట్లో కూర్చుంటే సగంలో ఆగిన కొమ్మలే కళ్లముందు. చివరికి కారు వచ్చినప్పుడు కుంచెలు తీసుకుని ఎక్కాను.

“పూర్తి చేయండి,” అంది ఆవిడ. “కానీ అందరికీ చెప్పేసిన మాట ఇప్పుడు మార్చలేనండీ. మీరు ఇక్కడికి వచ్చాకే తెలుగు నేర్చుకున్నారని సర్దిచెప్పాను.”

పూర్తి చేశాను. మాను మీది నాయనమ్మ రంగు మాత్రం తగ్గించలేదు. ఆ ఇంట్లో ఇప్పటికీ వచ్చినవాళ్లకు ఆ గోడ చూపించి, ఆర్టిస్టు ఆఫ్రికాకు తిరిగి వెళ్లిపోయిందని చెబుతారట. ఆ డ్రైవరే మా వీధిలో కనబడి చెప్పాడు.