మా తమ్ముడి అరగంట సినిమా

మా తమ్ముడు కెమెరా పట్టి నాలుగు పెద్ద సినిమాలు తీశాడు. టీవీలో ఆరు సీరియళ్లకు తీసిందీ, కోసి అతికించిందీ వాడే. వాడి పేరు తెరమీద పడితే, ఊరి బడిలో ఏడో తరగతితో ఆగిపోయిన నేను గడగడా చదివేవాణ్ణి. ఆ బడిలో చేతిరాతకు మొదటి బహుమతి నాదే. ఇది కూడా రాయాలి, దీనితో పనుంది.

వాణ్ణి అందరూ మబ్బు అనేవారు. ఎండ సూటిగా పడుతుంటే కెమెరా ముట్టడు, మబ్బు వచ్చేదాకా అందర్నీ కూర్చోబెడతాడు.

"మబ్బు వచ్చేలోగా ఇంటికెళ్లి భోంచేసి రామా?" అని నటులు దెప్పేవారు.

"వెళ్లండి, మీరు లేకపోతే బొమ్మ ఇంకా బావుంటుంది" అనేవాడు.

యాభై రెండో ఏట టీవీవాళ్లు వాణ్ణి ఇంటికి పంపేశారు. రెండేళ్లు గోడలు చూస్తూ కూర్చున్నాడు. అప్పుడు సినిమా నేర్పే కాలేజీ ఒకటి పిలిచింది. "పూర్తిగా మీదే అనదగ్గది ఒక్కటి చూపించండి, కమిటీకి నచ్చితే ఉద్యోగం మీదే" అన్నాడు ప్రిన్సిపాలు. సినిమాలూ, సీరియళ్లూ అన్నీ పైవాళ్లు చెప్పినట్టు చేసినవే. వాడి సొంతం ఒక్కటే, రైలు గేటు కాపలావాడి మీద అరగంట సినిమా. పొగమంచు కోసం పదకొండు రోజులు పడిగాపులు పడి తీశాడు. దానికి మిగిలింది ఒకే టేపు, అదీ పాడవబోతోంది. కొత్త టేపులోకి ఎక్కించాలి.

టీవీ ఆఫీసులో టేపుల గుమాస్తా పాత స్నేహం కొద్దీ ఓ పొద్దున మిషన్ల గది తెరిచాడు. నేనూ వెళ్లాను. వీళ్లకో పద్ధతి ఉంది. ఖాళీ టేపును ముందు మొదటినుంచి చివరిదాకా నల్లగా రికార్డు చేస్తారు, ఆ తరవాతే దానిమీద బొమ్మ ఎక్కిస్తారు. పలక తుడిచి సిద్ధం చేసుకున్నట్టన్నమాట.

తమ్ముడు వైర్లు సర్దుతున్నాడు. పాత టేపు మీది పేరు కాగితం మాసి, చిరిగి ఉంది. గోటితో గీకి పీకేశాను. రెండు టేపులకూ గుండ్రంగా వాడి పేరు రాసి అంటిద్దామని కూర్చున్నాను.

కాగితం లేనిది ఖాళీ టేపు. ముప్పై ఏళ్లుగా వాడి చేతికి తెలిసింది అదే. చూడకుండా చెయ్యి చాపి ఒకటి అందుకున్నాడు, మిషన్లో పెట్టి నలుపు ఎక్కించే మీట నొక్కాడు.

"అరగంట పడుతుంది, టీ తాగొద్దాం పద అన్నయ్యా" అన్నాడు.

"పెద్దాయనా, మీ తమ్ముడు మిమ్మల్ని ఎప్పుడైనా తెరమీద చూపించాడా?" అని గుమాస్తా అడిగాడు.

"నా ముఖానికి మబ్బు చాలదట, తుఫాను రావాలట" అన్నాను. తమ్ముడు పగలబడి నవ్వాడు. నేను నాలుగు సినిమాలూ, ఆరు సీరియళ్లూ వరసపెట్టి చెప్పాను.

"చాలు అన్నయ్యా, టీ చల్లారిపోతోంది" అన్నాడు వాడు. గ్లాసు ఖాళీ చేసి, "కాలేజీలో మొదటిరోజు పాఠం ఏమీ చెప్పను. కిటికీ దగ్గర కూర్చోబెట్టి గంటసేపు వెలుతురు చూడమంటాను" అన్నాడు.

తిరిగొచ్చి, సినిమా ఉందనుకున్న రెండో టేపు వేస్తే తెరమీద ఖాళీ టేపు చుక్కలు తప్ప ఏమీ లేవు. ఇందాక నల్లగా చేసిన టేపును వెనక్కి తిప్పి మొదటినుంచి వేశాడు. ఎక్కడో ఒక ముక్కైనా చెరగకుండా మిగిలి ఉంటుందేమోనని ఆ అరగంట నలుపూ కదలకుండా చూశాడు. ఏమీ మిగల్లేదు.

"కాగితం పీకిందెవరు?" అన్నాడు గుమాస్తా.

"చూసుకోవాల్సింది నేను" అన్నాడు తమ్ముడు.

మళ్లీ తీద్దామన్నాను. "ఆ గేటే లేదు అన్నయ్యా, వంతెన కట్టేశారు" అన్నాడు. ప్రిన్సిపాలు మర్యాదగా విన్నాడు గానీ, కమిటీకి ఏం చూపించను అన్నాడు. ఉద్యోగం ఇంకొకరికి పోయింది.

ఇప్పుడు ఫోటో స్టూడియోలో పాస్‌పోర్టు ఫోటోలు తీస్తున్నాడు. "గడ్డం పైకి, నవ్వకండి." ట్యూబులైటు వెలుగు, మబ్బుతో పనిలేదు. నేను వెళ్లి, కూర్చున్నవాళ్లకు వాడి నాలుగు సినిమాలూ, ఆరు సీరియళ్లూ చెబుతాను. చాలు అన్నయ్యా అని ఇప్పుడు అనడు.

ఆ రోజు రాసిన రెండు పేరు కాగితాలూ నా దగ్గరే ఉన్నాయి. అక్షరాలు మాత్రం ముత్యాల్లా ఉన్నాయి.