ఎర్రగా పారిన ఫ్రెంచి నది

మా అమ్మాయి స్కూలు ప్రాజెక్టు కోసం నీలం పెయింటు డబ్బా మూత తీసింది. ఆ వాసనకి నాకు మళ్లీ ఒళ్లు మండింది.

రెండువేల నాలుగులో, నా చిన్నప్పుడు, మేం న్యూజిలాండ్‌లోని పాపకూరకి కొత్తగా వచ్చాం. మా స్కూల్లో ఫ్రాన్సులోని ఒక చిన్న ఊరి నమూనా చేసుకురమ్మన్నారు. అట్టతో కొండ, దాని మీద చర్చి, ఊరిని చుట్టి వంపు తిరిగే నది చేశాం. గోదావరి ఒడ్డున పెరిగిన అమ్మ ఆ నదికి ఎర్రమట్టి రంగు వేసింది.

"బుక్‌లో బ్లూ ఉందమ్మా," అన్నాను.

"కొత్త నీరొస్తే ఏ నదైనా ఎర్రగానే ఉంటుందే," అంది.

ఫ్రాన్సులో నదులు ఏడాదంతా బొమ్మలోలాగే ఉంటాయని, అమ్మకేమీ తెలియదని అనుకున్నాను.

మర్నాడు టీచరు, "రివర్స్ ఆర్ బ్లూ, డియర్," అంటూ నన్ను అడగకుండానే అందరి ముందూ ఆ ఎర్ర నది మీద నీలం పూసేసింది. పిల్లలు నవ్వారు. ఇంటికొచ్చి నమూనాని అమ్మ ముందు విసురుగా పెట్టాను.

నీలం కింద ఇంకా కనిపిస్తున్న ఎరుపుని అమ్మ వేలితో తడిమింది. "వరద తీసేసి నీళ్లు తేటపడ్డాయన్నమాట," అని నవ్వి వంటింట్లోకి వెళ్లిపోయింది.

పెద్దయ్యాక ఫ్రాన్సులో వరదలు టీవీలో చూశాను. నది మట్టిరంగులోనే పారుతోంది. ఆ రోజు అమ్మ పడాల్సిన కోపం ఇప్పటికీ నేను పడుతున్నాను.