మా తోడల్లుడి బెడ్డుకు నేను పూసిన నీలం

మొన్న ఆదివారం పొద్దున్నే ఒక కుర్రాడు మోటారు సైకిలు మీద చిలమత్తూరులో మా ఇల్లు వెతుక్కుంటూ వచ్చాడు. రెండు మండలాల అవతల చిన్న వర్క్‌షాపు పెట్టి ఇనుమును తిప్పి తరిగే పాత లేత్ మిషన్ ఒకటి కొన్నాడట, దాని బెడ్డు అరిగిపోయి పని వంకరగా వస్తోందట, దాన్ని చేత్తో గీకి చదును చేసే స్క్రేపింగ్ మనిషి కోసం ఊరూరా అడిగి చివరికి నా దగ్గర తేలాడు. నేను లోలోపల సంబరపడిపోయి, కళ్ళజోడు తుడుచుకుని కూర్చున్నాను. “తాతా, మీ తోడల్లుడు ఈ పనిలో శానా గట్టోడంట గదా, ఆయన ఇల్లు యాడుండాది?” అన్నాడు. ఆయన పోయి రెండేళ్ళయిందని చెప్పాను. అయ్యో అనుకుని, ఇన్ని మంచినీళ్ళు తాగి వెళ్ళిపోయాడు. అదే పనిలో ముప్ఫై ఏళ్ళు నడుం వంచినవాణ్ణి ఎదురుగా కూర్చుని ఉంటే, నీకూ వచ్చా అని మాటవరసకైనా అడగలేదు. పోయిన మనిషి మీద అసూయపడే ముసలివాణ్ణి మీరెప్పుడైనా చూశారో లేదో, చూడకపోతే నన్ను చూడండి.

మా మామ తనకల్లులో వేరుశనగ రైతు. పెద్దకూతుర్ని నాకిచ్చాడు, చిన్నకూతుర్ని అతనికిచ్చాడు. వానలు వరసగా మొహం చాటేసి, భూమిని నమ్ముకుంటే గంజి కూడా పుట్టదని తేలిపోయాక, హిందూపురం పక్కన కొత్తగా వెలసిన లేత్ మిషన్ల కార్ఖానాలో ముందు నేను చేరాను, మరుసటి ఏడు అతన్నీ నేనే తీసుకెళ్ళి చేర్పించాను. కొరివితో తల గోక్కోవడమంటే అదే. నా ఈడువాళ్ళకు గుర్తుండే ఉంటుంది, ఆ రోజుల్లో దేశంలో ఏ మూల ఎవరు ఏ వస్తువు తయారు చెయ్యాలన్నా ముందు లేతు కావాలి, బయటి దేశాన్నుంచి తెప్పించుకోవాలంటే అనుమతుల కోసం చెప్పులరిగేలా తిరగాలి, అందుకని జనం పేరు రాయించుకుని మా లేతుల కోసం నెలల తరబడి కాచుకునేవాళ్ళు. పంపుసెట్టు మొదలు రైలింజను దాకా అన్నిటికీ తల్లి లేతేనని మా ఫోర్‌మన్ చెబుతుంటే, నిన్నమొన్నటి దాకా కలుపు తీసిన మాకు ఛాతీ ఉబ్బిపోయేది.

బెడ్డు అంటే లేతు పొడుగునా ఉండే ఇనుప దిమ్మ, మిగతా భాగాలన్నీ దాని మీదే జరుగుతాయి. దాన్ని మిషన్ మీద ఎంత చదును చేసినా ఆఖరి నునుపు మాత్రం మనిషి చేత్తోనే రావాలి. తప్పులేని ఇనుప పలక ఒకటి తీసుకుని, దానికి నీలం రంగు పలచగా పూసి బెడ్డు మీద పెట్టి జరిపితే, ఎత్తుగా ఉన్న చోట్లలో నీలం చుక్కలు పడతాయి, ఆ చుక్కలను ఉలితో గీకెయ్యాలి. మళ్ళీ పూయడం, మళ్ళీ గీకడం, చుక్కలు అంతటా సమంగా పడేదాకా రోజుల తరబడి అదే పని. ఉలి పిడిని తుంటికి ఆనించి తోసీ తోసీ అక్కడ చర్మం కాయకాసి పోయింది, ఇప్పటికీ తడిమితే తగులుతుంది. పలకకు నీలం పూసి బెడ్డును ఇట్లా చూడడాన్నే మేము బెడ్డుకు నీలం పూయడమనేవాళ్ళం. మా షెడ్డులో ఒక కట్టుబాటు ఉండేది. ఆఖరి పరీక్షకు పంపే ముందు ఎవరి బెడ్డుకు వాళ్ళు నీలం పూయకూడదు, పక్కవాడే పూయాలి. తన పని తనకు ముద్దు కదా, అందుకని.

నేను ఆరు రోజులు గీకిన బెడ్డును అతను నాలుగు రోజుల్లో ముగించేవాడు. చూడవచ్చిన పెద్ద ఇంజనీర్లు నన్ను దాటుకుని అతని దగ్గర నిలబడేవాళ్ళు. పోనీ తనకల్లుకు పోతే, అక్కడ మా అత్త అతని ఓళిగల మీద, అదే బొబ్బట్ల మీద, పోసే నెయ్యి ధార నాకు పోసేదానికంటే పొడుగు. నవ్వకండి, పాతికేళ్ళపాటు ఆ ధారను కొలిచాను నేను.

ఒకసారి ఢిల్లీలో యంత్రాల ప్రదర్శనకు మా కార్ఖానా నుంచి ఒక లేతును పంపాలనుకున్నారు. అతని బెడ్డు, నా బెడ్డు తయారుగా ఉన్నాయి. ఎవరిది నెగ్గితే వాడే సెక్షనుకు మేస్త్రీ. అతని బెడ్డుకు ఆఖరి నీలం పూసే వంతు నాది. నాకు తెలుసు, దానికి ఇంకా ఒక పూట పని ఉంది. నీలం మందంగా పూస్తే పల్లాలకు కూడా రంగు అంటి, పని పూర్తయినట్టే కనబడుతుందనీ తెలుసు. మందంగానే పూశాను. అతను భోంచేసి వచ్చి, చక్కగా పడిన చుక్కలను చూసి, అన్న పూసిన నీలమే కదా అని ఇంకో మాట లేకుండా ఫోర్‌మన్ దగ్గరికి పరీక్షకు పంపేశాడు.

అక్కడ పలచని నీలం పూసి చూస్తే సగం చుక్కలు లేవు. ఎవరు పూశారని ఫోర్‌మన్ కేకలేశాడు. “నేనే పూసుకొన్న్యా సార్, తొందరలో మందమైపాయ” అన్నాడు అతను, నా వైపు చూడకుండా. కట్టుబాటు తప్పినందుకు అందరి ముందూ తిట్లు తిన్నాడు. నేను మేస్త్రీనయ్యాను, నా బెడ్డు ఢిల్లీ వెళ్ళింది. అతను కొట్టినా బాగుండేది. ఆ తర్వాత వచ్చిన పండక్కి ఎప్పటిలాగే నా పక్కన కూర్చుని ఓళిగలు తిన్నాడు. మంచితనంలో కూడా నన్ను మించిపోయాడని నాకు ఇంకా కడుపు మండింది.

తర్వాత బయటి సరుకుకు ప్రభుత్వంవాళ్ళు దేశం తలుపులు బార్లా తెరిచారు, బయటి దేశాల కంప్యూటర్ మిషన్లు వచ్చిపడ్డాయి. మా లేతులు అమ్ముడుపోక ఆవరణలో గోనెపట్టాల కింద తుప్పుపట్టాయి. మేస్త్రీనన్న బింకంతో నేను గేటుకు తాళం పడేదాకా ఉన్నాను. అతను ముందే బయటపడి, రాయదుర్గం నుంచి బెంగుళూరు దాకా తిరిగి పాత లేతులను బాగుచేస్తూ పేరు తెచ్చుకున్నాడు.

అతని చివరి ఏడాదిలో, చేసింది చెప్పేసుకుందామని హిందూపురం వెళ్ళాను. వాకిట్లో ఎవరిదో బెడ్డు గీకుతున్నాడు, పక్కన తమ పని చేయించుకోవడానికి ముగ్గురు కాచుకుని ఉన్నారు. ఆ ముగ్గుర్నీ చూడగానే పాత అసూయ మళ్ళీ లేచి, చెప్పాలనుకున్నది చెప్పకుండానే అరుగు మీద కూర్చున్నాను. అతను ఉలి పక్కన పెట్టి, పలకా నీలం డబ్బా నా చేతికిచ్చాడు. “మంచి టైముకు వస్తివన్నా. ఆకరి నీలం పూసేకి ఈడ ఎవురూ లేరు. నువ్వు పూయి.” అంతా తెలిసిన మనిషి ఆ మాట అన్నాడు. నా జన్మలో అంత పలచగా ఎప్పుడూ పూయలేదు. పూసి, జరిపి, ఎత్తి చూశాను, ఎక్కడైనా ఒక్క చుక్క తప్పిందా అని. ఒక్కటీ తప్పలేదు.

ఇప్పటి మిషన్లు తమ కొలతలు తామే చూసుకుని అచ్చు వేసిన కాగితం ఇస్తాయట. మంచిదే, నాలాంటివాడి చేతిలో పడే భయం లేదు. కానీ తనను ఒకసారి మోసం చేసినవాడి చేతికే మళ్ళీ పలకనిచ్చి, చేతులు కట్టుకుని పక్కన నిలబడే మనిషి ఇప్పుడు ఏ షెడ్డులో దొరుకుతాడు? నేనైతే అట్లా ఇచ్చేవాణ్ణి కాను. అందుకే అతనంటే నాకు ఈనాటికీ అసూయ.